బావ ప్యాంటుకు విప్పిన కుట్లు

మనిషికి ఇంత మంచి మాటనూ ఇంత మంచి నవ్వునూ ఇచ్చిన దేవుడు, వాటిని తీసుకెళ్ళి ఇలాంటి రోత సంచిలో ఎందుకు పెట్టాడన్నది సబ్బుకు ఏళ్ళ తరబడి తీరని సందేహం. పొద్దున్నే స్నానం చేసి, కళ్ళు మూసుకుని ప్రార్థనకు కూర్చున్నప్పుడు కూడా అది వచ్చి పక్కనే చతికిలపడేది. అడిగితే తప్పేమోనని భయం. అడక్కపోతే లోపల ముల్లులా గుచ్చుకునేది. "నీ పనిలో తప్పులు పట్టేంతటివాణ్ణి కాను తండ్రీ. కానీ చీమిడి అంత అవసరమా?" అని ఒక్కోసారి మెల్లిగా అడిగేవాడు. జవాబు వచ్చేది కాదు. ఈలోగా దుకాణం తెరిచే వేళయ్యేది.

సబ్బు అసలు పేరు వేరే ఉంది. రోజుకు రెండు స్నానాలు చేసి, ఏది ముట్టుకున్నా చేతులు కడుక్కునే బావమరిదికి ఆ పేరు పెట్టింది బావ. వీధి దాన్నే ఖాయం చేసింది. బావది కుట్టు దుకాణం. ఒకే గది. ముందు బావ మిషను, వెనక గోడ వారగా సబ్బు ఇస్త్రీ బల్ల. కొత్త బట్టలు కుట్టించుకునేవాళ్ళు తగ్గిపోయాక పాతవాటిని సరిచేసే పనే మిగిలింది. ప్యాంటు పొడుగైతే కత్తిరించడం, నడుము బిగుతైతే వదులు చెయ్యడం, జిప్పు మార్చడం. పాత బట్టలతో వచ్చిన చిక్కల్లా అవి ఉతక్కుండా రావడమే. కాలరు లోపల జిడ్డు గీత, చంకల్లో పసుపు మరక, జేబులో ముక్కు తుడిచిన రుమాలు. ఇస్త్రీ పెట్టె తగలగానే ఎవరిదో పాత చెమట మళ్ళీ ప్రాణం పోసుకుని, ఆవిరై లేచి, నేరుగా సబ్బు ముక్కులోకి వచ్చేది. ఊపిరి బిగబట్టి ఇస్త్రీ చెయ్యడం అతను ఎప్పుడో నేర్చుకున్నాడు.

ఈమధ్య మాత్రం ఆ చెమటలన్నిటికంటే బావే ఎక్కువ రోత పుట్టిస్తున్నాడు.

మిషను కింద ఒక డబ్బా. బావ దగ్గీ దగ్గీ అందులో ఉమ్ముతాడు. కళ్ళె కూడా కాదది, గిన్నెలో సబ్బునీళ్ళు చిలికినట్టు నురగ. కాళ్ళు ఉబ్బి, చర్మం నూనె పూసినట్టు మెరుస్తోంది. మేజోళ్ళు విప్పితే పిక్క చుట్టూ కాలువ తవ్వినట్టు గాడి. చెప్పులు పట్టక, పైపట్టీని కత్తెరతో కోసేశాడు. ఎడమ మడమ పైన చర్మం చిట్లి, అక్కణ్ణుంచి నీరు కారుతూ ఉంటుంది. ఆయన లేచి వెళ్ళాక పెడలు కింద నేల మీద తడి కనిపిస్తుంది. ఆ తడిని తుడిచే పని సబ్బుది. ఇన్నిటి మధ్యా బావ నోరు ఊరికే ఉండదు. ఒళ్ళో కాగితం పొట్లం, దాంట్లో ఉప్పు వేసి వేయించిన పల్లీలు. పల్లీలు నమిలి, వేళ్ళకు అంటిన ఉప్పు నాకి, ఆ వేళ్ళతోనే జనం బట్టలు పట్టుకుంటాడు.

"బావా, ఆ డబ్బాకు మూతన్నా పెట్టు."

"మూత పెడితే ఎలా ఉమ్మాలిరా? కన్నం చెయ్యనా?"

"డాక్టరుకు చూపించుకోవచ్చుగా."

"దగ్గుకు డాక్టరెందుకు? ముప్పయ్యేళ్ళు దారప్పొడి పీల్చినవాడికి దగ్గు రాకపోతే ఇంకెవరికొస్తుంది?"

అన్నిటికీ ఆయన దగ్గర ఇలాంటి సమాధానమే. కాళ్ళ వాపా? రోజంతా కాళ్ళు వేలాడేసి కూర్చునే పని. మెట్లెక్కితే ఆయాసమా? కూర్చుని కూర్చుని ఒళ్ళు బద్ధకించింది. పొట్టా? "మీ అక్క వంట. కావాలంటే దాన్నడుగు."

మధ్యాహ్నం అక్క భోజనం క్యారియర్ తెచ్చి బల్ల మీద పెట్టి, తమ్ముడి దగ్గరకొచ్చి గొంతు తగ్గించింది. "పడక మీద పడుకోవడం మానేశాడ్రా. మూడు దిండ్లు ఎత్తు పెట్టినా చాలదట. కుర్చీలో కూర్చుని కునుకుతున్నాడు. పడుకుంటే గుండెల మీద ఎవరో ఎక్కి కూర్చున్నట్టుందట."

"నేను చెవిటివాణ్ణి కాదే," అన్నాడు బావ మిషను ఆపకుండా. "ఎక్కి కూర్చుంది ఎవరో కాదు, నా బొజ్జే. ఒళ్ళు చేస్తే దానికీ ఏడుపేనా? పెళ్ళయిన కొత్తల్లో ఎముకల గూడని మీ వాళ్ళంతా నవ్వలేదూ?"

అక్క నవ్వలేదు. క్యారియర్ విప్పుతుంటే బావ నోరు తెరుచుకుని ఊపిరి పీల్చే చప్పుడు వినిపించింది. ఆ తెరిచిన నోట్లో నమిలిన పల్లీల ముద్ద చూసి సబ్బు తల తిప్పేసుకున్నాడు.

రెండు రోజుల తరవాత బావ తన బట్టలే ఒక జత విసిరాడు. "బట్టల మిల్లాయన రమ్మన్నాడు. కాస్త మర్యాదగా కనిపించాలి. ఇస్త్రీ చెయ్యి."

సబ్బు ప్యాంటును తిరగేసి బల్ల మీద పరిచాడు. వెనక నడుము కుట్టు దగ్గర ఇస్త్రీ పెట్టె ఆగింది. కుట్టు విప్పినా గుడ్డలో సూది కన్నాలు మిగులుతాయి. వాటిని ఎంత ఇస్త్రీ చేసినా పోవు. ఇక్కడ ఒక వరస కాదు, పక్కపక్కనే మూడు వరసలు కన్నాలున్నాయి. అంటే బావ తన ప్యాంటును మూడుసార్లు విప్పి మూడుసార్లు వదులు చేసుకున్నాడు. నాలుగోసారికి లోపల గుడ్డ మిగల్లేదని వేరే రంగు ముక్క అతికించాడు. దారం ఇంకా కొత్తగా మెరుస్తోంది.

ఒళ్ళు చేశాడుగా, విప్పుకోడా అనుకుంటూ చొక్కా అందుకున్నాడు. చొక్కాకూ కన్నాలున్నాయి, కానీ ఇవి వదులు చేసినవి కావు, బిగించినవి. భుజాలు లోపలికి పట్టాడు. చేతులు సన్నం చేశాడు. కాలరు గుండీ జరిపి కుట్టాడు.

సబ్బు ఆ రెండింటినీ పక్కపక్కన పరిచి చూశాడు. ప్యాంటు ఒక లావుపాటి మనిషిది. చొక్కా ఒక బక్కపలచటి మనిషిది. నిజంగా ఒళ్ళు చేసినవాడికి ముందు బిగిసేది చొక్కా కాలరు. కండ పడితే అంతటా పడుతుంది. ఇది కండ కాదు. మెడా భుజాలూ కరిగిపోతుంటే, నడుం కిందంతా ఇంకేదో వచ్చి చేరుతోంది. ఆ ఇంకేదో మడమ పగుల్లోంచి నేల మీదికి కారుతోంది, తను రోజూ ముక్కు మూసుకుని తుడుస్తున్నాడు. రోత పుట్టింది. ఈసారి తడిని తలచుకుని కాదు. దొంగలెక్క రాసినట్టు ఒక మనిషి తన ఒంటినే సూదీ దారంతో కప్పిపెట్టుకుంటూ వచ్చినందుకు.

"ఇవి ఒక మనిషి బట్టలేనా బావా?" అని రెండూ తెచ్చి మిషను మీద పడేశాడు.

బావ వాటి వంక చూశాడు. పెడలు ఆగింది.

"నాకు తెలియదనుకున్నావా?" అన్నాడు. "టేపు నా మెడలోనే ఉంటుందిగా. మందుల షాపువాడు చెప్పాడు, గుండె సంగతేమో చూపించుకోమని. నేను కాళ్ళ నొప్పులకు బిళ్ళలిమ్మని తెచ్చుకు మింగుతున్నా."

"గుండె అన్నాక కూడానా?"

"అన్నాడు కాబట్టే. గుండె ఫెయిలైందంటే ఇంకేం మిగిలిందిరా? ఆగిపోయినట్టే. ఆ మాట వినడానికి డబ్బిచ్చి మరీ పోవాలా? కుట్లు విప్పుకుంటూ పోతే ఎన్నాళ్ళు నడిస్తే అన్నాళ్ళు."

"అక్కకు చెబుతా."

"చెప్పు. అది ఏడుస్తుంది. నువ్వు ముక్కు మూసుకుంటావు." బావ కుర్చీ వెనక్కి జరిపి, ఆయాసపడుతూ, కుడికాలు ఎత్తి స్టూలు మీద పెట్టాడు. "నన్ను ఆస్పత్రికి తీసుకెళ్ళి ఏం చేస్తావు నువ్వు? నా డబ్బాను రెండు వేళ్ళతో పట్టుకుంటావు. నా కంచం వేరే కడుగుతావు. ఇదుగో కాలు. ముట్టుకో. బొటనవేలితో గట్టిగా నొక్కు. నొక్కితే వస్తా."

ఆయన ఎగతాళికే అన్నాడు, నొక్కడన్న ధైర్యంతో. సబ్బుకూ ఆ సంగతి తెలుసు. కాలి వంక చూశాడు. గోళ్ళు పచ్చగా ముదిరి ఉన్నాయి. తడిసి నానిన చర్మం నుంచి పాత గుడ్డ మూట విప్పిన వాసన వస్తోంది. ఇప్పుడు వెనక్కి తగ్గితే బావ ఇంకో ముక్క అతికించుకుంటాడు. ఆ తరవాత అతికించడానికి గుడ్డ ఉన్నా మనిషి ఉండడు.

నొక్కాడు. వేలు నానబెట్టిన పిండిలో దిగినట్టు దిగింది. తీశాక గుంట అలాగే ఉండిపోయింది. అందులో మెల్లిగా నీరు ఊరింది. సబ్బు పరుగెత్తి వెనక కాలువ దగ్గర డోకాడు. మోచేతుల దాకా కడుక్కుని తిరిగొచ్చేసరికి గుంట ఇంకా పూడలేదు. బావ దాని వంకే చూస్తున్నాడు. ఆయన ముఖంలో ఎగతాళి లేదు.

"తాళం వెయ్యి," అన్నాడు.

ఆస్పత్రిలో కూర్చునే బల్లకు ఎవరిదో ఎండిపోయిన మరక. సబ్బు సాయంత్రం దాకా నిలబడే ఉన్నాడు. డాక్టరమ్మ బావ మెడలో ఉబ్బిన నరాన్ని చూసింది, వీపు మీద పరికరం పెట్టి విన్నది, సబ్బు నొక్కిన చోటే తనూ నొక్కింది. ఆమె ముఖం చిట్లించలేదు. రక్తం తీశారు, ఛాతీ ఫోటో తీశారు, గుండెకు ఎకో పరీక్ష చేశారు. మర్నాడు పొద్దున మంచం పక్కకొచ్చి చెప్పింది.

"ఇది హార్ట్ ఫెయిల్యూరే. అంటే గుండె ఆగిపోయిందని కాదు. ఆగితే మీరు నాతో వాదించరుగా. ఒంటికి కావలసినంత నెత్తురు తోడలేకపోతోంది, అంతే."

"ఎందుకలా?" అంది అక్క.

"ఈయనకు బి.పి. ఏళ్ళ నుంచీ ఎక్కువుండి ఉంటుంది. ఎప్పుడూ చూపించుకోలేదు. అంత ఒత్తిడి మీద తోడీ తోడీ అలసిపోయింది. దీంట్లో ముఖ్యంగా రెండు రకాలు. ఒకటి, కండరం సాగిపోయి గట్టిగా బిగించలేదు. రెండోది, బిగిస్తుంది కానీ బిరుసెక్కి సరిగా విచ్చుకోదు, అందుకని లోపలికి నిండదు."

"అర్థమైంది," అన్నాడు బావ. మాటకూ మాటకూ మధ్య ఊపిరి తీసుకుంటున్నాడు. "ఒకటి ఎలాస్టిక్ వదులైంది. ఇంకోటి గుడ్డ గంజి పెట్టినట్టు బిగిసింది. నాది ఏది?"

డాక్టరమ్మకు నవ్వొచ్చింది. "మీది ఎలాస్టిక్. మామూలు గుండె నిండినదాంట్లో సగానికి పైగా ఒక్క దెబ్బకు నెట్టేస్తుంది. మీది మూడోవంతు కూడా నెట్టట్లేదు. ఎడమవైపు వెనకబడితే నీరు ఊపిరితిత్తుల్లో చేరుతుంది. ఆ నురగ, ఆ దగ్గు, పడుకుంటే ఆయాసం అన్నీ దానివల్లే. కుడివైపు వెనకబడితే కాళ్ళూ పొట్టా ఉబ్బుతాయి. మీకు రెండు వైపులా ఉంది. లోపల కండ కరిగిపోతున్నా, నీరు చేరి లావైనట్టు కనిపించింది."

"ఆ నొప్పి బిళ్ళలు?" అన్నాడు సబ్బు.

"అవి నీటిని పట్టి ఉంచుతాయి. ఉప్పూ అంతే. రెండూ కలిపి వేసుకున్నారు."

"నయమవుతుందా అమ్మా?" అంది అక్క.

"పూర్తిగా పోతుందని మాటివ్వను. మందులు సరిగా వేసుకుంటే కొందరి గుండె చాలావరకు తేరుకుంటుంది. చాలామంది ఏళ్ళ తరబడి పని చేసుకుంటూ బతుకుతున్నారు. ముందు ఈ నీరు బయటికి రావాలి."

నీరు బయటికి వచ్చింది. ఇంజక్షన్ ఇచ్చిన గంటకే మొదలైంది. ఎంత వస్తోందో కొలవాలని నర్సు గీతలున్న ప్లాస్టిక్ పాత్ర ఇచ్చి వెళ్ళింది. దుకాణం తెరవడానికి అక్క వెళ్ళక తప్పలేదు. పాత్ర సబ్బు చేతికొచ్చింది.

"ఊపిరి బిగబట్టకురా," అన్నాడు బావ దుప్పటి లోంచి. "పడిపోతావు. మనిద్దరికీ కలిపి ఒకటే మంచం ఉంది."

"మాట్లాడకుండా పొయ్యి."

"పోస్తున్నా. చూసుకో, గీత దాటుతుంది."

వెచ్చగా ఉన్న పాత్రను ముఖానికి దూరంగా పట్టుకుని, గీత చూసి, కాగితం మీద రాసి, పారబోసి, కడిగి తెచ్చేవాడు. మళ్ళీ పిలుపు. ఆ వాసన అతని అన్నంలోకి వచ్చింది, ప్రార్థనలోకీ వచ్చింది. ఆస్పత్రి కిటికీ దగ్గర నిలబడి కళ్ళు మూసుకుంటే దేవుడి బదులు గీతలే కనిపించేవి. అయితే పాత్ర నిండిన కొద్దీ బావ కాళ్ళు దిగుతున్నాయి. చర్మం ఇస్త్రీ లేని గుడ్డలా ముడతలు పడింది. మూడో రోజుకు ఆయన రెండు దిండ్ల మీద వెల్లకిలా పడుకుని గురక పెట్టాడు. ఈ రోత బయటికి వస్తున్నంతసేపే మనిషి లోపల మిగులుతాడు కాబోలు అనుకున్నాడు సబ్బు. తన సందేహానికి ఇదే జవాబో, దేవుడు మాట మార్చాడో అతనికి తేలలేదు. అసహ్యం మాత్రం ఒక్క పిసరు తగ్గలేదు. పాత్ర కడిగిన ప్రతిసారీ డోకొస్తూనే ఉంది.

ఇంటికి పంపేటప్పుడు డాక్టరమ్మ ముగ్గుర్నీ కూర్చోబెట్టి చెప్పింది. నీరు దించే బిళ్ళలు ఉన్నాయి, గుండె మీద బరువు తగ్గించేవి ఉన్నాయి, దాని పరుగు నెమ్మదింపజేసేవి ఉన్నాయి. బాగున్నానని ఏదీ మానకూడదు. నొప్పి బిళ్ళలు అడక్కుండా మింగకూడదు. ఉప్పు బాగా తగ్గించాలి, నీళ్ళు చెప్పిన కొలతకు మించకూడదు. ఆయాసం రానంత నడక మంచిది. పొద్దున్నే మొహం కడుక్కుని, ఏమీ తినకముందు తూకం చూసుకోవాలి. రెండు మూడు రోజుల్లో రెండు కిలోలు పెరిగితే కొవ్వనుకోకుండా వెంటనే రావాలి. ఊపిరి అందకపోతే తూకం కూడా చూడనక్కర్లేదు.

తూకం మిషను కొని దుకాణంలోనే పెట్టారు. పొద్దున్నే ఏమీ తినకుండా ముందు అక్కడికే వచ్చి, తలుపు మూసి, బావ లుంగీతో దాని మీదెక్కి అంకె చదివేవాడు, సబ్బు రాసుకునేవాడు. ఆయన కాళ్ళూ లుంగీ అడ్డమై, నిలబడ్డ సబ్బుకు అంకె కనిపించదు. వంగి చూడాలంటే ఆ కాళ్ళ దగ్గర ముఖం పెట్టాలి. ఆ పని అతను చెయ్యలేదు. బావ మాటే నమ్మాడు.

"మీ అక్క కూర తిన్నావా?" అనేవాడు బావ. "ఉప్పు లేకపోతే అది కూర కాదురా, కషాయం."

"అలవాటవుతుంది."

"చావూ అలవాటవుతుందంటావు నువ్వు."

నెల గడిచాక ఒకరోజు బావ ప్యాంటు ఇస్త్రీ చెయ్యబోయి సబ్బు జేబు తిరగేశాడు. జేబు కుట్టు లోపల జిడ్డు. ఆ జిడ్డులో పల్లీ పొట్టూ, తెల్లటి ఉప్పూ. ఇస్త్రీ పెట్టె వేడికి అవి కమురుతూ వాసన కొట్టాయి. సబ్బు పెట్టెను పక్కన పెట్టాడు.

"నీ కాలు నొక్కాను," అన్నాడు. గొంతు పెంచలేదు. "నీ ఉచ్చ మోశాను. నేను డోకుతుంటే నువ్వు జోకులేశావు, పోనీలే అనుకున్నాను. నీ ఒళ్ళు నాకు ఎప్పుడూ ఇంత రోత పుట్టించలేదు బావా. ఇదుగో, ఈ జేబు పుట్టించింది. పొద్దున చదివిన అంకె కూడా అబద్ధమేనా?"

బావ సూదిలో దారం ఎక్కిస్తున్నాడు. ఎక్కలేదు. దారం కొస నోట్లో తడుపుకుని మళ్ళీ ప్రయత్నించాడు. ఆ రోజంతా ఇద్దరూ మాట్లాడుకోలేదు. సబ్బు ఇంటికి వెళ్ళి ప్రార్థనకు కూర్చుని, ఏమీ అడగకుండానే లేచాడు. ఇంకోసారి వంగి ఆ అంకె చూడాలా, వదిలెయ్యాలా అన్నదొక్కటే తల్లో తిరిగింది. వంగి చూస్తే ఒక్క పూట తెలుస్తుంది. ఆయన దాచదలుచుకుంటే దాచుకోవడానికి బోలెడు పూటలున్నాయి. ఆయనంతట ఆయన చెప్పకపోతే లాభం లేదు.

పొద్దున దుకాణం తలుపు తీసేసరికి బావ ముందే వచ్చి తూకం మిషను మీద నిలబడి ఉన్నాడు. రెండు చేతులా గోడ పట్టుకున్నాడు. ఊపిరి నోటితో తీస్తున్నాడు.

"రాసుకో," అన్నాడు. "అటుమొన్నటికంటే రెండున్నర కిలోలు ఎక్కువ. మొన్నా నిన్నా తక్కువ చేసి చెప్పా. రాత్రి మళ్ళీ కుర్చీలోనే కూర్చున్నా."

సబ్బు కలం తీశాడు కానీ రాయలేదు.

"చూస్తావేం? టాక్సీ పిలువు. మీ అక్కకు దారిలో ఫోన్ చెయ్యొచ్చు. ఈసారి నొక్కి చూపించమని పందెం కట్టన్లే."

టాక్సీలో బావను తన భుజానికి ఆనించి కూర్చోబెట్టుకున్నాడు సబ్బు. పొద్దున్నే ఇస్త్రీ చేసి వేసుకున్న తెల్ల చొక్కా అది. మలుపు తిరిగేచోట బావ పొట్ట పట్టుకున్నాడు. ఏదో చెప్పబోయాడు. మాట బదులు రాత్రి తిన్నదంతా సబ్బు ఛాతీ మీద పడింది. వెచ్చగా, పుల్లగా, గుండీల సందుల్లోంచి లోపలికి దిగింది. డ్రైవరు కిటికీలన్నీ దించి తిట్టడం మొదలుపెట్టాడు. సబ్బుకు కళ్ళ వెంట నీళ్ళొచ్చాయి. కానీ కదిలితే బావ తల జారిపోతుంది. ఆస్పత్రి వచ్చేదాకా అలాగే కూర్చున్నాడు.

డాక్టరమ్మ ఇంజక్షన్ ఇచ్చి, బిళ్ళల మోతాదు మార్చింది. ముందే వచ్చారు కాబట్టి సాయంత్రానికి ఇంటికి పంపేయొచ్చు అంది. "ఎవరు కనిపెట్టారు?" అని అడిగింది.

"నేనే," అన్నాడు బావ, మంచం మీద కూర్చుని. "ఎవరూ అడక్కుండానే."

సబ్బు వరండా పంపు దగ్గర బనీనుతో నిలబడి చొక్కా ఉతుకుతున్నాడు. మూడోసారి రుద్దుతున్నాడు. వాసన పోవడం లేదు. కాసేపటికి బావ, నర్సు వద్దంటున్నా, గోడ పట్టుకుని వచ్చి పక్క బల్ల మీద కూలబడ్డాడు. చాలాసేపు ఆ ఉతుకుడు చూశాడు.

"నీకు గుర్తుండదు," అన్నాడు. "మీ ఇంటికి నేను మొదటిసారి వచ్చిన రోజు. మీ అక్కను అడగడానికి వచ్చా. ఆ రోజు కోసం ఒక చొక్కా కుట్టుకున్నా. తెల్లది. నేను కుట్టిన వాటిల్లో అంత బాగా మళ్ళీ ఏదీ కుదర్లేదు. నువ్వు ఇంతవాడివి. ఎవరో తెచ్చి నా ఒళ్ళో కూర్చోబెట్టారు. తాగిన పాలన్నీ నా మీద కక్కావు."

సబ్బు చేతులాగాయి. "నేనా?"

"నువ్వే. కాలరు దగ్గర్నుంచి నడుం దాకా."

"మరి నువ్వేం చేశావు?"

"ఏం చేస్తాను? ముఖం చిట్లిస్తే పిల్లనివ్వరేమోనని నవ్వుతూ కూర్చున్నా. కంపు వారం పోలేదు."

"ఇన్నేళ్ళూ ఒక్కసారి కూడా చెప్పలేదే."

"చెబితే నువ్వు నాలుక తోముకుంటూ చచ్చేవాడివి." బావ దగ్గాడు. ఈసారి దగ్గు పొడిగానే ఉంది. గోడకు తల ఆనించి కళ్ళు మూసుకున్నాడు. "బాకీ అలా ఉండిపోయింది. ఇవాళ్టికి తీర్చేశా."

సబ్బు చొక్కాను పిండి, ఎత్తి వెలుగులో చూశాడు. ఛాతీ మీద పచ్చటి మరక ఇంకా ఉంది.

"వడ్డీతో కలిపి," అని మళ్ళీ పంపు తిప్పాడు.